భవానీపూర్ ట్రాము దారి

1983లో బదిలీపై కలకత్తా చేరినప్పుడు నాకు భవానీపూర్‌లో రెండు గదుల వాటా దొరికింది. ఆశుతోష్ ముఖర్జీ రోడ్డు అక్కడికి కూతవేటు దూరం. అయితే ఆనాడు దానిని రోడ్డు అనడానికి మనసొప్పేది కాదు. భూగర్భ రైలు కోసం ఏళ్ల తరబడి సాగిన తవ్వకాలతో వీధి అంతా మట్టి, ఇనుము, బురద. మా ఇంటి యజమాని, వయసు మళ్లిన బెంగాలీ పెద్దమనిషి, మొదటిరోజే నన్ను అక్కడికి తీసుకువెళ్లి, “మా ట్రాము ఇందులోనే పోయింది” అన్నారు. ఎవరినో సాగనంపి వచ్చినట్లున్నది ఆయన కంఠస్వరం.

అది సామాన్యమైన మార్గం కాదు. కలకత్తాలో విద్యుత్తు ట్రాము తొలిసారి 1902 మార్చి 27న ఎస్‌ప్లనేడ్ నుంచి ఖిదిర్‌పూర్‌కు నడిచింది. జూన్ నెలలో రెండవ మార్గం ఎస్‌ప్లనేడ్ నుంచి భవానీపూర్ మీదుగా కాళీఘాట్‌కు వచ్చింది. అంతకుముందు ఆ నగరంలో ట్రాములను లాగినవి గుర్రాలు. పందొమ్మిదవ శతాబ్ది చివరికి లండనులో రిజిస్టరయిన కంపెనీ వద్ద సుమారు వెయ్యి గుర్రాలుండేవట. ఎండకు తాళలేక అవి పడిన యాతన తలచుకుంటే, విద్యుత్తు రాకకు తొలుత సంతోషించవలసినవి ఆ మూగజీవాలే అనిపిస్తుంది. 1943లో కొత్త హౌరా వంతెన మీద మొదట నడిచిన వాహనం కూడా ట్రామే. కలకత్తా, హౌరా నగరాలను అది అలా కలిపింది.

1984 అక్టోబరు 24న ఎస్‌ప్లనేడ్ నుంచి భవానీపూర్ వరకు దేశంలోని మొట్టమొదటి మెట్రో రైలు ప్రారంభమయింది. దూరం 3.4 కిలోమీటర్లు, స్టేషన్లు ఐదు. భవానీపూర్ స్టేషనే నేటి నేతాజీ భవన్. ట్రాము పైన నడిచిన దారినే రైలు కింద పట్టుకున్నదన్నమాట. నాకు అంతులేని సంబరం. కార్యాలయానికి సకాలంలో చేరే యోగం పట్టింది.

ఆ శీతకాలమే నాన్నగారు రాజమండ్రి నుంచి వచ్చారు. ఆయన 1940లలో మద్రాసులో చదువుకున్నారు, అక్కడి ట్రాములలో తిరిగినవారు. మద్రాసు ట్రాములు నష్టాలలో మునిగి 1953 ఏప్రిల్‌లో ఆగిపోయాయి. అదే ఏడాది జూలైలో కలకత్తా కంపెనీ రెండవ తరగతి ఛార్జీ ఒక్క పైసా పెంచితే నగరమంతా తిరగబడి ఆ పెంపును ఆపించింది. “మేం బండి పోతున్నా ఊరుకున్నాం. వీళ్లు పైసా కోసం పోట్లాడారు” అనేవారు నాన్నగారు. అది నిందో, మెప్పో నాకు బోధపడేది కాదు.

ఎంతో గర్వంగా ఆయనను మెట్రోకు తీసుకువెళ్లాను. కదిలే మెట్ల మీద కాలు పెట్టడానికి ఆయన జంకారు. ఎస్‌ప్లనేడ్‌లో పైకి వచ్చాక, “బాగానే ఉందిరా అబ్బాయ్, ఊరేదీ కనబడలేదు” అన్నారు. మరునాటి నుంచి మధ్యాహ్నం వేళ నడుచుకుంటూ రాస్‌బిహారీ కూడలికి వెళ్లి, అక్కడ బాలీగంజ్ వైపు వెళ్లే ట్రాము ఎక్కి, చివర దిగి, మళ్లీ అదే ట్రాములో తిరిగి వచ్చేవారు. బెంగాలీ ఒక్క ముక్క రాదు, హిందీ అంతంతమాత్రం. తప్పిపోతారేమోనని నా బెంగ. “పట్టాల మీది బండి దారి తప్పుతుందిట్రా?” అని నవ్వేవారు. కండక్టరుకు ఏం చెబుతారని అడిగితే, “శేష పర్యంతం అంటాను. వాడికి అర్థమవుతుంది” అన్నారు. సంస్కృతం ఆ పూట ఆయనకు టిక్కెట్టు కొనిపెట్టింది. బెంగాలీలో ‘శేష్ పొర్జొంతో’ అంటే ‘చివరి వరకు’ అనే.

ఆ దారిలోనే, దేశప్రియ పార్కు చేరువలో, 1954 అక్టోబరు 14న కవి జీవనానంద దాస్‌ను ట్రాము ఢీకొన్నది. ఎనిమిది రోజులకు మా భవానీపూర్‌లోని శంభునాథ్ పండిత్ ఆసుపత్రిలో ఆయన కన్నుమూశారు. ట్రాము మీద మమకారం ఉన్నవారు ఈ సంగతిని కూడా దాచరాదు.

తరువాతి ఏళ్లలో వాహనాలు పెరిగాయి. పట్టాల మీదికి కార్లు, బస్సులు చేరాయి. వాటి నడుమ చిక్కుకున్న ట్రాముకే అడ్డు అన్న పేరు వచ్చింది. 1993లో హౌరా వంతెన మీద ట్రాములు నిలిచిపోయాయి. ఆ రోజులలో ఒకనాడు ట్రాములను కాపాడాలన్న విన్నపంపై సంతకాలకోసం కొందరు యువకులు మా గుమ్మంలోకి వచ్చారు. ప్రభుత్వోద్యోగినని చెప్పి పంపివేశాను. అది సాకు మాత్రమే. ట్రాము ఆలస్యానికి నేనూ విసిగి ఉన్నాను. అప్పటికి నాన్నగారు పోయి రెండేళ్లు. ఆయన ఎవరి తోడూ లేకుండా, ఎవరినీ దారి అడగకుండా ఈ మహానగరంలో తిరగగలిగింది ఆ ఒక్క బండిలోనేనన్న సంగతి సంతకం అడిగిన ఆ క్షణాన నాకు స్ఫురించలేదు.

ఉద్యోగ విరమణ చేసి ఇక్కడే ఉండిపోయాను. ట్రాములు ఆగిన కొన్ని వీధులలో తారు అరిగినచోట పట్టాలు నేటికీ తొంగి చూస్తాయి. భవానీపూర్‌లో ఆ ఆనవాలు కూడా లేదు. పైనుంచి తవ్వి కట్టిన సొరంగం కనుక అన్నీ పెళ్లగించారు. 2024 సెప్టెంబరులో రాష్ట్ర ప్రభుత్వం మైదానంలో ఒక్క వారసత్వ మార్గం ఉంచి తక్కిన ట్రాములను విరమించే నిర్ణయాన్ని ప్రకటించింది. ఆ వారమే గరియాహాట్ వెళ్లి ఎస్‌ప్లనేడ్ ట్రాము ఎక్కాను. ఇప్పుడు నా మోకాళ్లు కూడా నాన్నగారి మోకాళ్లే. కండక్టరు చేయి చాపగా, “శేష పర్యంతం” అన్నాను, తెలుగు ఉచ్చారణతోనే. అతడు మారు మాటాడక టిక్కెట్టు చించి ఇచ్చాడు. కొంతదూరం పోయాక ఎవరో పట్టాల మీద కారు నిలిపి వెళ్లినందున బండి ఆగిపోయింది. తొందర ఉన్నవారు దిగి నడిచారు. నేను కిటికీ పక్కకు జరిగి కూర్చున్నాను.