పదేళ్ళు డబ్బాలో మగ్గిన నవ్వు

మొన్న ఆదివారం ఒక మిత్రుడింట్లో 'సాక్షి' చూశాను. బాపుగారి 'సాక్షి' కాదండోయ్! ఇది హంగేరీ సాక్షి. మన బాపుగారిది 1967, ఇది 1969. రెండింట్లోనూ ఓ అమాయకుడు కోర్టు బోనెక్కుతాడు. పోలిక అంతవరకే.

దీని దర్శకుడు పీటర్ బాచో. 1928లో పుట్టారు. మొదట రచయిత. 1961లో వచ్చిన 'నరకంలో రెండు హాఫ్‌టైములు' అనే ఫుట్‌బాల్ చిత్రానికి స్క్రిప్టు రాసినవారిలో ఆయనొకరు. 1963లో సొంతంగా మెగాఫోన్ పట్టారు. ఆరేళ్ళు తిరిగేసరికి ఈ 'సాక్షి' తీసి సర్కారువారి నెత్తిన బాంబు పేల్చారు!

కథ రాకోషి ఏలుబడి నాటిది. హీరో పెలికాన్ డాన్యూబు నది కట్టకి కాపలాదారు. (ఫెరెంత్స్ కాల్లాయి నటన చూసి తీరాలి!) పాపం, ఆకలికి తాళలేక ఇంట్లో పందిని దొంగచాటుగా కోస్తాడు. ఆ రోజుల్లో అది నేరం. జైల్లో పడతాడు. కానీ చిత్రంగా పైవాళ్ళు విడిపించి ఈతకొలనుకి అధికారిని చేస్తారు. అక్కడ కొంప ముంచుతాడు, మళ్ళీ జైలు. మళ్ళీ విడుదల, మళ్ళీ పెద్ద పదవి! ఎందుకింత ప్రేమ? మంత్రిగా ఉన్న పాత మిత్రుడి మీద అబద్ధపు సాక్ష్యం చెప్పించడానికి.

ఈ పదవుల్లో ఒకటి నారింజ పరిశోధన. (అన్నట్టు, హంగేరీ భాషలో నారింజని 'నొరొంచ్' అంటారు. మన మాటకి చుట్టమే!) నానా తంటాలూ పడి ఒక్క కాయ పండిస్తారు. తీరా పెద్దలొచ్చే వేళకి పెలికాన్ పిల్లాడు దాన్ని గుటుక్కుమనిపిస్తాడు. దాంతో నిమ్మకాయ చేతిలో పెట్టి ఇదే మన దేశపు కొత్త నారింజ అంటారు. కాస్త పచ్చన, కాస్త పులుపు, అయితేనేం మనది!

పొట్ట పట్టుకుని నవ్వాను. నవ్వుతూ నవ్వుతూ టక్కున ఆగిపోయాను.

కాలేజీలో ఉండగా వార్షికోత్సవానికో నాటిక రాశాను. హాస్టల్ మెస్ మీద ఓ సీను పెట్టాను. పెద్దలు పిలిచి, "ఆ సీను తీసెయ్ బాబూ, నాటిక ఇంకా బావుంటుంది" అన్నారు. తీసేశాను. చప్పట్లు మారుమోగాయి. మా రూమ్మేటు అడిగాడు, "ఒరేయ్, ఆ సీనేదిరా?" "అది లేకపోతేనే బావుందిరా" అన్నాను. ఆ రోజు నేను నిమ్మకాయ తిని నారింజ తియ్యగా ఉందన్నాను, అంతే.

బాచోగారు అలా అనలేదు. బొమ్మని పదేళ్ళు డబ్బాలో పెట్టేశారు. ఆయన అలిగి ఇంట్లో కూర్చోలేదు. ఒకదాని తర్వాత ఒకటి వేరే చిత్రాలు తీస్తూనే ఉన్నారు. 1979లో 'సాక్షి'కి మోక్షం వచ్చింది. 1981లో కాన్ ఉత్సవానికి వెళ్ళింది. 1984లో ఆయన మళ్ళీ ఆ చీకటి రోజుల మీదే ఇంకో సినిమా తీశారు, ఈసారి ఊరి నుంచి వెళ్ళగొట్టబడ్డ ఓ నటి కథ. 1989లో బుడాపెస్టులో కొత్తగా పుట్టిన ఓ పత్రిక 'హంగేరీ నారింజ' అనే పేరే పెట్టుకుంది! 2009లో బాచోగారు కన్నుమూశారు. కోతల్లేని అసలు ప్రింటుని బాగుచేసి 2019లో కాన్‌లో చూపించారు. చూసుకోడానికి ఆయన లేరు.

చివరికి కోర్టులో పెలికాన్ ఏం చేశాడంటారా? ముందే రాసిచ్చిన సాక్ష్యం పక్కన పెట్టి, వణుకుతూనే నిజం చెప్పేశాడు. అతను వీరుడేం కాదు. అబద్ధమాడటం చాతకాలేదు, అంతే. ఆ తర్వాత ఏమైందో మీరే చూడండి.

నా నాటిక కాగితాలు ఇంకా ట్రంకుపెట్టెలో ఉన్నాయి. రాత్రి తీసి చూశాను. కొట్టేసిన ఆ సీను అక్షరాలు గీతల కిందనుంచి ఇంకా కనబడుతూనే ఉన్నాయి. దాన్ని మళ్ళీ శుభ్రంగా తిరగరాశాను.