బీరువాలో దాచిన పుస్తకము



ఉపాధ్యాయుడు తన పొరపాటును పాఠశాల పత్రికలో వ్రాసికొనుట వాడుక కాదు. మీ పొరపాటులను ఎఱ్ఱసిరాతో గుర్తించుటయే మా నిత్యకృత్యము. అయినను గత సంవత్సరము నా వలన జరిగిన యొక తప్పిదమును, దానిని నాకు దెలియజేసిన యొక జపనీయ కథను మీతో చెప్పుకొనవలెనని చాల దినములుగ అనుకొనుచున్నాను.

ఒక మధ్యాహ్నము పదవ తరగతిలో వ్యాకరణము బోధించుచుండగా, ఒక బాలిక బల్లక్రింద నేదియో చదువుకొనుట కంటబడెను. పుస్తకమును లాగికొని చూచితిని. అది బొమ్మల కథ. నాలుగు పుటలు త్రిప్పగా రక్తము, ఎండిపోయిన యొక హస్తము, జుట్టు విరబోసికొన్న యొక స్త్రీ కనబడినవి. “ఇవి దయ్యపు పుస్తకములు. ఇట్టివి చదువువారి బుద్ధియు నట్లే యుండును” అని తరగతి యంతయు వినునట్లు పలికితిని. పిల్లలు నవ్విరి. ఆ బాలిక మాత్రము తల వంచుకొనెను.

సాయంకాలమామె నా యొద్దకు వచ్చి, ఆ పుస్తకము తన అక్కదనియు, ఉద్యోగమునకై దూరదేశము వెళ్లుచు తన కిచ్చి పోయినదనియు చెప్పి, తిరిగి యిమ్మని మెల్లగ నడిగెను. “పరీక్షలు కానిమ్ము, చూతము” అని బీరువాలో బెట్టి తాళము వేసితిని. మఱి రెండుసారు లడిగెను. రెండుసారులు నదే జవాబు చెప్పితిని. అటుపిమ్మట నామె అడుగుట మానెను. నా తరగతిలో చేయెత్తి జవాబు చెప్పుటయు మానెను. నేను దానిని వినయ మనుకొంటిని.

క్రిస్మసు సెలవులలో బీరువా సర్దుచుండగా ఆ పుస్తకము మరల చేతికి వచ్చెను. తప్పు పట్టుటకైనను చదువవలెను గదా యని మొదలుపెట్టితిని. దాని పేరు ‘అయాషి నో సెరెస్’. నా చేత నున్నది దాని యాంగ్ల భాషాంతరీకరణము. జపానువారు బొమ్మల కథలను మాంగా యందురు. అందులో బాలికలకై వ్రాయబడు శాఖను షోజో మాంగా యందురు. ఈ కథను వాటాసే యూ అను రచయిత షోగకుకాన్ సంస్థవారి ‘షోజో కామిక్’ పత్రికలో 1996 మొదలు 2000 వఱకు ప్రకటించిరి. అది 14 సంపుటము లయ్యెను. మొదటిది ముగించిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మిగిలిన వానిని కొని, ఆ సెలవులు ముగియులోపలనే చదివితిని.

కథ యిది. అయా, అకి అను కవల పిల్లలు మికాగే యను ధనిక వంశమున బుట్టినవారు. పదునాఱవ జన్మదినమున పెద్దలు వారిని బిలిచి యొక ఎండిన హస్తమును జూపుదురు. తోడనే అకి దేహమంతయు గాయములు లేచును. అయా లోపల నెవరో మేలుకొందురు. ఆమె సెరెస్ అను దేవకన్య. పూర్వమొకడు ఆమె దివ్యవస్త్రమును దొంగిలించి, స్వర్గమునకు మరలనీయక తన భార్యగ జేసికొనెను. వాని సంతతియే ఈ వంశము. దేవకన్య మేలుకొనిన వంశనాశము తప్పదని భయపడి, తాతయే మనుమరాలిని చంపుటకు ఆజ్ఞ యిచ్చును. ఆమెను కనిపెట్టి యుండుటకు వారు నియోగించిన తోయా యను యువకుడు తన గతమును మఱచినవాడు. అతనికిని అయాకును ప్రేమ గలుగును. ఆ ప్రేమయు, లోపలి సెరెస్ యొక్క ప్రతీకారవాంఛయు ఒకే దేహమున పోరాడుచుండును.

నన్ను కలచివేసినది అయా కథ కాదు, అకి కథ. అతడు సాధువు, తోబుట్టువన్న ప్రాణము పెట్టువాడు. అట్టివానిలో ఆ వస్త్రచోరుడైన మూలపురుషుని యాత్మ మేలుకొనును. ఇంటిల్లిపాదియు అయాను జూచి భయపడుచుండగా, అసలు చీకటి అందఱును మంచివాడని కాపాడిన బాలునిలో నున్నది. ఆ చీకటి తనను ద్వేష మని చెప్పుకొనదు. ప్రేమ యని చెప్పుకొనును. నాది, నేను దాచితిని, నా మేలుకోరియే దాచితిని యనును.

ఈ మాట చదివినప్పుడు నా దృష్టి బీరువా తాళముమీద పడెను.

ఈ కథకు మూలమైన హాగొరోమో గాథ, అనగా ఈకల వస్త్రపు గాథ, జపానులో చాల పాతది. షిజుఓకా ప్రాంతపు సముద్రతీరమున, ఫూజీ పర్వతము కనబడునట్టి మిహో యను పైన్ చెట్ల తోపునకు ఆ గాథ ముడిపడి యున్నది. నో యను ప్రాచీన నాటకశాఖలో ఆ పేరుతోనే యొక నాటకము గలదు. అందు హకుర్యో యను జాలరి చెట్టుకొమ్మ నున్న వస్త్రమును జూచి తీసికొనును. దేవకన్య దుఃఖమును జూచి మనసు కరగి, తనకొఱకు నాట్యమాడిన నిచ్చెద ననును. ముందిచ్చినచో ఆడకయే యెగిరిపోవునేమో యని శంకించును. వంచన మానవులకే గాని దేవలోకమున లేదని ఆమె తెలుపగా సిగ్గుపడి యిచ్చివేయును. ఆమె ఆడిన మాట తప్పక నాట్యమాడి, ఆకసమున కెగసిపోవును.

ఇట్టి కథ మనకును క్రొత్త కాదు. 1961లో వచ్చిన ‘జగదేకవీరుని కథ’ చలనచిత్రమున కథానాయకుడు దేవకన్య చీరను దాచుట మీలో పెక్కండ్రు చూచియే యుందురు. చిన్నతనమున దూరదర్శనములో దానిని జూచి నేను చప్పట్లు కొట్టితిని. చీర పోయినదాని పక్షమున ఆలోచించుట అప్పుడు నాకు తోచలేదు. వాటాసే యూ గొప్పతన మదియే. దొంగిలించినవాని సాహసముగ మనము వినిన కథను, పోగొట్టుకొన్నదాని వైపునుండి చెప్పిరి.

ఉపాధ్యాయ శిక్షణ కళాశాలలో కౌమారదశను గూర్చి నేను వ్రాసిన జవాబులకు మంచి మార్కులే వచ్చినవి. ఆ వయస్సున పిల్లలు తమ దేహమును, కోపమును, శక్తిని తామే గుర్తెఱుగనంత మార్పు పొందుదురని, అప్పుడు వారిని నలుగురిలో నవమానింపరాదని కంఠస్థము చేసినవాడను. అయినను అద్దములో నొక క్రొత్త మనిషిని జూచి భయపడు పిల్ల, అట్టి భయమే గల మఱియొక పిల్ల కథ చదువుకొనుచుండగా, నేను ఆ మికాగే తాతవలె ప్రవర్తించితిని. పుస్తక మిచ్చినచో చదువు పాడుచేసికొనునని హకుర్యోవలె శంకించితిని గాని, హకుర్యోవలె సిగ్గుపడలేదు.

సెలవుల పిమ్మట మొదటి దినముననే పుస్తకమును తరగతికి గొనిపోయితిని. అవమానము అందఱి యెదుట జరిగినది గావున, క్షమాపణయు అందఱి యెదుటనే కావలెను. “చదువకయే నిందించితిని. తప్పు నాది” అని చెప్పి ఆమె చేతి కిచ్చితిని. చెప్పుటకు ముందు నా గొంతు వణకినదని దాచను. ఇరువది సంవత్సరముల ఉద్యోగములో నెన్నడును తరగతి యంత నిశ్శబ్దముగ నుండలేదు. ఆమె పుస్తకమును సంచిలో బెట్టుకొని, “పరవాలేదు మాస్టారూ” అని మాత్రమనెను.

ఆమె చేయి మరల లేచుటకు నెల దినములు పట్టెను. ఆ నెల దినములు నాకు తగిన శిక్షయే. ఒకనాడు సంధి సూత్రమడుగగా చివరి బల్లనుండి ఆ చేయి పై కెత్తబడినప్పుడు, నేను జవాబు సరిగ వినకయే “భేష్” అంటిని. జవాబు తప్పు. పిల్లలు నవ్విరి, ఈసారి ఆమెయు నవ్వెను.

విద్యార్థులారా, పాఠము జరుగుచుండగా బల్లక్రింద కథలు చదువుట తప్పే. ఆ మాట నేడును జెప్పుదును. కాని మీలో మేలుకొనుచున్న శక్తిని జూచి మీరు భయపడవలదు. మంచివారమని పేరు వచ్చిన పిమ్మటనే మనలోని చీకటిని ఎక్కువగ కనిపెట్టుకొనవలెను. ఇతరుల సొత్తేదైన మన బీరువాలో నున్నదేమో యని అప్పుడప్పుడు తలుపు తీసి చూచుకొందము. ఉన్నచో, అడుగకముందే యిచ్చివేయుదము.