బ్రోషర్లో 170... బియ్యం బస్తాలేస్తే ఎంత?

సెకండ్ హ్యాండ్ కారు కొంటున్నానని ఆఫీసులో ఒక్కడితో అంటే చాలు, సాయంత్రానికల్లా ఫ్లోరంతా సలహాదార్లే. ఎన్ని కిలోమీటర్లు తిరిగింది, సింగిల్ ఓనరేనా, సర్వీస్ రికార్డుందా, లీటరుకెంతిస్తుంది, డీజిలొద్దురా బాబూ... మూడు నెలలపాటు ఇదే పాట విన్నాను. బండి నేల నుంచి ఎంత ఎత్తులో ఉంది, మనుషులెక్కాక అందులో ఎంత మిగిలింది అని అడిగిన పుణ్యాత్ముడు మాత్రం ఒక్కడూ లేడు. మహా అయితే ఒకరిద్దరు, "గ్రౌండ్ క్లియరెన్స్ ఎంత? నూట డెబ్బయ్యా? పర్లేదు, తీస్కో" అన్నారు. ఆ నూట డెబ్బయ్ మీదే నా గొడవంతా.

మెకానికల్ చదివి జావా రాసుకుని బతుకుతున్న వేలమందిలో నేనొకణ్ణి. ఆ నాలుగేళ్ళ చదువూ ఇన్నాళ్ళూ జీతానికి పనికొచ్చిందేమీ లేదు. ఈ కారు వెతుకులాటలో మాత్రం ఎక్కడో అడుగున పడున్నది కాస్త పైకి తేలింది. :-)

మేముండేది చైతన్యపురి. ఆఫీసుకి కారక్కర్లేదు, 2018 సెప్టెంబరులో ఎల్బీనగర్ దాకా మెట్రో వచ్చాక అమీర్‌పేటలో రైలు మారితే హైటెక్ సిటీ. కారు కావలసింది ఇంటికి. నెలకోసారి సూర్యాపేట అవతల మా ఊరికి, అప్పుడప్పుడూ ఆసుపత్రికి, ఏడాదికి రెండుసార్లు యాదగిరిగుట్టకి. అంటే మా ఇంట్లో కారు కదిలిందంటే నిండుగానే కదుల్తుంది. నేను, అమ్మ, నాన్న, అక్క, అక్క కూతురు. ఊర్నుంచి వచ్చేటప్పుడు డిక్కీలో రెండు పాతిక కేజీల బియ్యం బస్తాలు, పప్పులు, ఆవకాయ జాడీ. హైదరాబాదులో స్థిరపడిన ఏ ఇంటి లెక్కైనా ఇంచుమించు ఇంతేననుకుంటాను.

అమ్మకి రెండు మోకాళ్ళూ అరిగిపోయాయి. పోయినేడాది మా పెద్దనాన్న వాళ్ళ సెడాన్లో ఓ పెళ్ళికి వెళ్ళాం. ఫంక్షన్ హాలుకి పోయే దారిలో నాలుగు స్పీడ్ బ్రేకర్లు. మొదటిదాని మీద కింద గర్రుమని గీసుకుంది. రెండోదాని దగ్గర పెద్దనాన్న బండాపి, "ఎనకాలోళ్ళు జర దిగున్రి" అన్నారు. దిగాం. అమ్మ డోరు పట్టుకుని లేవాలి, పదడుగులు నడవాలి, మళ్ళీ ఆ పాతాళంలాంటి సీట్లోకి నడుం వంచి కూలబడాలి. మూడోసారీ అంతే. నాలుగోదాని దగ్గరికొచ్చేసరికి, "మీరు పోన్రి బిడ్డా, నేను మెల్లగ నడ్సుకుంట వస్త" అంది. పట్టుచీరలో, రాత్రి తొమ్మిదింటికి, వీధి దీపం లేని చోట. పెద్దనాన్నననడానికి లేదు, అది తగిలితే బిల్లు కట్టేది ఆయనే. కానీ కారు మనుషుల్ని మోయాలి గానీ, మనుషులు దిగి కారుని గట్టెక్కించడం ఏం న్యాయం?

సరే, అసలా నంబరేంటో చూద్దాం. గ్రౌండ్ క్లియరెన్స్ అంటే కారు మధ్యభాగంలో అన్నిటికన్నా కిందికున్న చోటు నుంచి నేలదాకా ఉన్న దూరం. ఐఎస్‌ఓ 612 అనే ప్రమాణం మధ్యభాగమంటే ఏదో కూడా చెప్పింది: చక్రాల లోపలి అంచుల మధ్య వెడల్పులో నడుమనున్న 80 శాతం. బ్రోషర్లో కనిపించే అంకె సాధారణంగా మనుషులెక్కని కొత్త బండిది. పాత బండిది కాదు, నిండు బండిది అసలే కాదు.

ఈ ఖాళీ, నిండు తేడా మీద దేశంలో శ్రద్ధ పెట్టినవాళ్ళు ఒక్కరే, పన్నులవాళ్ళు! 2013 బడ్జెట్లో చిదంబరం గారు ఎస్‌యూవీల మీద ఎక్సైజు 27 నుంచి 30 శాతానికి పెంచారు. పొడవు 4 మీటర్లు దాటి, ఇంజను 1500 సీసీ దాటి, 170 మిల్లీమీటర్లు ఆ పైన గ్రౌండ్ క్లియరెన్స్ ఉంటే అది ఎస్‌యూవీ. తర్వాత జీఎస్‌టీ సెస్సులోనూ ఇదే 170. మరి 170 అంటే ఖాళీగానా, జనం ఎక్కాకా? 2023 జులైలో జీఎస్‌టీ కౌన్సిల్ 50వ సమావేశంలో తేల్చారు: ఖాళీ బండి కొలతే లెక్క. మనిషెక్కితే ఎత్తు తగ్గుతుందని ఢిల్లీకి బాగా తెలుసన్నమాట. 2025 సెప్టెంబరు 22 నుంచి ఆ సెస్సు పోయి పెద్ద బళ్ళన్నీ 40 శాతం శ్లాబులోకొచ్చాయి గానీ, 170 అంకె మాత్రం జనం నోళ్ళలో ఉండిపోయింది.

మరి మనుషులెక్కితే ఎంత తగ్గుతుంది? ఇంటర్లో చదివిన హుక్ సూత్రం చాలు. వెనక ముగ్గురు, డిక్కీ సామాను కలిపి వెనక ఇరుసు మీద 240 కేజీలు అదనంగా పడ్డాయనుకోండి. ఒక్కో చక్రానికి 120 కేజీలు, అంటే దాదాపు 1200 న్యూటన్లు. చక్రం దగ్గర స్ప్రింగు గట్టిదనం మిల్లీమీటరుకి 25 న్యూటన్లు అనుకుంటే వెనకభాగం 48 మిల్లీమీటర్లు దిగుతుంది. ముందువైపు ఓ 20. కారు నడుమ సగటున 34. బ్రోషర్లో 170 కాస్తా 136 అయింది. ఇది కొత్త స్ప్రింగుల మాట.

ఇప్పుడు స్పీడ్ బ్రేకరు. ఇక్కడే నాకు భలే ఆశ్చర్యమేసింది. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ 1988లో ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం గుండ్రటి స్పీడ్ బ్రేకరు 10 సెంటీమీటర్ల ఎత్తు, 3.7 మీటర్ల వెడల్పు ఉండాలి, 17 మీటర్ల వ్యాసార్థంతో వంపు తిరగాలి. గంటకి పాతిక కిలోమీటర్ల వేగంతో దాటేందుకు వేసిన లెక్క అది. ముందు చక్రాలకీ వెనక చక్రాలకీ మధ్య 2.6 మీటర్లున్న సెడాన్ దాని మీదకెక్కితే నాలుగు చక్రాలూ ఆ వంపు మీదే ఉంటాయి. అప్పుడు బండి పొట్ట కిందికి పొడుచుకొచ్చేది 10 సెంటీమీటర్లు కాదు, 5 మాత్రమే. కాగితం మీద వృత్తం గీసి రెండుసార్లు చూసుకున్నాను, అంతే వస్తోంది. 136 ఉన్న నిండు బండి కూడా హాయిగా దాటేస్తుంది.

మరి మన కాలనీల్లో ఉన్నవేంటి? ఓ ఇంటి ముందు ఎవరో పిల్లాడికి స్కూటర్ తగిలిందని, మర్నాడు రోడ్డు పనివాళ్ళని బతిమాలి రెండు తట్టల కాంక్రీటు పోయించుకున్నవి. అరమీటరు వెడల్పు, 15 సెంటీమీటర్ల ఎత్తు. ముందు చక్రాలు దిగిపోతాయి, వెనకవి ఇంకా ఎక్కవు, 15కి 15 సెంటీమీటర్లూ పొట్టకే. 136కి 150 వస్తే ఏమవుతుందో లెక్కలు రాకపోయినా చెవికి తెలుస్తుంది. ఎత్తు సంగతి అలా ఉంచి, అది సన్నగా ఉండటమే అసలు పాపం. అపార్ట్‌మెంట్ సెల్లార్ ర్యాంపు పైకొచ్చే మలుపూ ఇలాంటిదే. మా వైపు రోడ్డు మీద రోడ్డు వేస్తూ పోయేసరికి ఇళ్ళు గుంటలో పడ్డాయి, ర్యాంపులు నిటారుగా లేచాయి. చక్రాల మధ్య దూరం ఎక్కువున్న బండి అక్కడ ముందు తగుల్తుంది.

తగిలితే ఏమైందిలే, గీత పడుతుంది అనుకోకండి. కింద ఇంజను చాంబరు పగిలి ఆయిలు కారిపోతే, చూసుకోకుండా నడిపితే ఇంజను పట్టేస్తుంది. మామూలు ఇన్సూరెన్సులో చాంబరుకి డబ్బులొస్తాయి గానీ, ఆయిలు లేకుండా నడపడం వల్ల పోయిన ఇంజనుకి మొండిచెయ్యే. దానికి ఇంజను ప్రొటెక్షన్ అని విడిగా కట్టుకోవాలి.

ఇక పాత బండికి అదనపు సమస్య, స్ప్రింగులు కుంగిపోవడం. ఏళ్ళ తరబడి బరువు మోసిన ఇనుప చుట్ట మొదటి ఎత్తుకి రాదు. చాలామంది షాకప్‌లు మారిస్తే బండి లేస్తుందనుకుంటారు. షాకప్ పని ఊపు ఆపడం, బండిని ఎత్తిపట్టేది స్ప్రింగు. గ్యాసు కిట్టు పెట్టి తీసేసిన బళ్ళతో మరీ జాగ్రత్త. అరవై లీటర్ల ఇనుప సీఎన్‌జీ సిలిండరంటే ఇంచుమించు ఇంకో మనిషి రాత్రింబవళ్ళు డిక్కీలో పడుకున్నట్టే. కిట్టు పీకేసి అమ్ముతారు, డిక్కీ అడుగున బోల్టు రంధ్రాలు మాత్రం మిగుల్తాయి. కార్పెట్ ఎత్తి చూడండి.

నేను చూసిన నాలుగో బండి అలాంటిదే. అమ్మేవాడికి రంధ్రాలు చూపిస్తే, "ఏం కాదన్నా, స్ప్రింగుల రబ్బర్లు ఏస్కుంటే లేస్తది, ఎన్ని బండ్లకు ఏశినమో" అన్నాడు. లేస్తుంది, నిజమే. స్ప్రింగు చుట్ల మధ్య రబ్బరు ముక్క దూరిస్తే ఆ చుట్టు పనిచెయ్యడం మానేస్తుంది, మిగతా స్ప్రింగు గట్టిపడుతుంది. బండి లేస్తుంది, ప్రతి గతుకూ వెనక కూర్చున్నవాళ్ళ నడుముకి చేరుతుంది. అమ్మ మోకాళ్ళ కోసం మొదలెట్టి నాన్న వెన్నుపూసకి ఎసరు పెట్టడమెందుకు? ఇంకొకరు పెద్ద టైర్లు వెయ్యమన్నారు. 175/65 ఆర్14 తీసేసి 185/65 ఆర్14 వేస్తే టైరు వ్యాసం 583 నుంచి 596 మిల్లీమీటర్లవుతుంది. అందులో సగమే ఎత్తుకి కలుస్తుంది, ఆరున్నర మిల్లీమీటర్లు. ఓ పెన్సిలు మందం! ఇక బండి కిందంతా ముక్కలు పెట్టి లేపే లిఫ్ట్ కిట్‌ల జోలికి నేను పోలేదు. కంపెనీ స్పెసిఫికేషన్‌కి భిన్నంగా బండిని మార్చకూడదని మోటారు వాహనాల చట్టం 52వ సెక్షన్ ఉంది, 2019 జనవరిలో సుప్రీంకోర్టు కూడా అదే మాటంది.

మా బావ పరిష్కారం ఇంకా సింపుల్. "ఎస్‌యూవీ తీస్కోరా, రెండొందల క్లియరెన్సు, పీడా పోతది." నాలుగు లక్షల బడ్జెట్లో వచ్చే ఎస్‌యూవీ వయసు తల్చుకుంటేనే భయమేసింది, అయినా వెళ్ళి చూశాం. అమ్మ ఫుట్‌బోర్డు మీద కాలు పెట్టి పైకెక్కలేకపోయింది. బావ చెయ్యి పట్టుకుని లాగాల్సొచ్చింది. అప్పుడర్థమైంది, మాకు కావలసినవి రెండు ఎత్తులు: కింద పొట్ట ఎత్తు, పైన సీటు ఎత్తు. సీటు నడుం కన్నా కొంచెం కిందుంటే కూర్చోవడం తప్ప ఎక్కడం, దిగడం ఉండవు. 1998లో శాంత్రో, మరుసటేడు వ్యాగనార్ వచ్చినప్పుడు డబ్బాలంటూ జనం నవ్వారట. ఆ డబ్బాలు పెద్దవాళ్ళున్న ఇళ్ళలో ఎందుకు నిలిచిపోయాయో ఆ రోజు తెలిసింది.

ఇంకో అపోహ మా ఏరియాలో బాగా ఉంది, ఎత్తు బండైతే వరదలో పోదని. 2020 అక్టోబరు 13న ఘట్‌కేసర్ దగ్గర 32 సెంటీమీటర్ల వాన పడ్డ రాత్రి, ఆ తర్వాతి రోజులు, సరూర్‌నగర్ చెరువు కింది కాలనీల్లో ఉన్నవాళ్ళెవరూ మర్చిపోరు. ఇంజనులోకి గాలి పీల్చుకునే గొట్టం ఎంత ఎత్తులో ఉందన్నదే అక్కడ లెక్క, బండి పొట్ట కాదు. మా చుట్టుపక్కల బండి కొనేటప్పుడు సీటు బెల్టు చివరిదాకా లాగి బురద మరక ఉందేమో చూడ్డం మంచిది.

కొలవడం చాలా తేలిక, దర్జీ టేపు చాలు. నేల నుంచి కొలవొద్దు, టైర్ల తేడా కలిసిపోతుంది. చక్రం నడిబొడ్డు నుంచి పైన మడ్‌గార్డ్ అంచుదాకా కొలవాలి. సమతలంగా ఉన్న చోట, నాలుగు చక్రాలకీ. అదే మోడల్ కొత్తది ఎక్కడైనా కనిపిస్తే దానిదీ తీసుకుని పక్కన పెట్టుకోండి. నేను ఎవరో కారెత్తుకుపోతాడేమోనన్నట్టు చూస్తున్న ఓ వాచ్‌మన్ ముందు ఈ పని చేశాను.

ఏడో బండి నచ్చింది. ఏడేళ్ళ పొడుగాటి హ్యాచ్‌బ్యాక్. కొత్తదానికి వెనక 374 ఉంటే దీనికి ఎడమ 362, కుడి 351. రెండువైపులా కుంగింది, కుడివైపు ఇంకా ఎక్కువ. టెస్ట్ డ్రైవ్‌కి మా ఇంటిల్లిపాదినీ, కిరాణా కొట్లో కొన్న రెండు బియ్యం బస్తాలనీ తీసుకెళ్ళేసరికి అమ్మేవాడు నోరు తెరిచాడు. "పెళ్ళిచూపులకొచ్చిన్రా సార్?" అన్నాడు. పెళ్ళిచూపులకి కూడా ఇంతమందిమి వెళ్ళమేమో. మా వీధి చివరి స్పీడ్ బ్రేకరు మీద వాలుగా పోనిస్తే దాటింది, తిన్నగా పోనిస్తే సైలెన్సరు ముద్దు పెట్టుకుంది. ఆ చప్పుడు అతని చేతే వినిపించి పన్నెండు వేలు తగ్గించాను.

మెకానిక్ ర్యాంపు మీదకెక్కించి వెనక స్ప్రింగులు దింపాక కుడిదాని కథ బయటపడింది. కింది చుట్టు చివర జానెడు ముక్క విరిగిపోయి కప్పులోనే కూర్చుంది. ఎప్పుడైనా పక్కకి జరిగి టైరుని చీల్చే రకం. అదే కంపెనీ స్ప్రింగులు జత, చిరిగిపోయిన బంప్ రబ్బర్లు రెండు, ఫిట్టింగుతో కలిపి ఆరువేల లోపే అయింది. ఇప్పుడు రెండువైపులా 372. కొత్త స్ప్రింగులు మొదటి నెలలో రెండు మూడు మిల్లీమీటర్లు సర్దుకుంటాయన్నాడు, చూడాలి.

మొన్న దసరాకి ఊరెళ్ళి నిండు లోడుతో తిరిగొచ్చాం. అమ్మ ఇంటి నుంచి ఇంటిదాకా ఎక్కడా దిగలేదు, విజయవాడ హైవే మీద టీకి తప్ప. నాన్న మాత్రం పెట్రోలు బిల్లు చూసి, సీఎన్‌జీ కిట్టు పెట్టిద్దామని రెండు రోజులుగా అంటున్నారు. సిలిండరు బరువెంతో ఆయనకింకా చెప్పలేదు.