పక్కింటి నుంచి వచ్చిన యాపిల్ జెల్లీ

1978 అక్టోబరులో ఒక ఆదివారం మధ్యాహ్నం. అమెరికాలో, న్యూయార్క్ రాష్ట్రపు పశ్చిమ భాగాన ఉన్న రోచెస్టర్ నగరం. గుంటూరు నుంచి కాపురానికి వచ్చి నాలుగు నెలలైనా నిండని ఒక యువతి ఇంటి తలుపును ఎవరో మెల్లగా తట్టారు. తీసి చూస్తే పక్కింటి వృద్ధురాలు. ఆమె చేతిలో తెల్లని పింగాణీ పళ్ళెం, పళ్ళెంలో అంచులు తీర్చిన గోపురంలా ఎర్రగా మెరిసే ఒక పదార్థం. దాని గర్భంలో యాపిల్ ముక్కలు అద్దంలో చిక్కుకున్న నెలవంకల్లా నిలిచి ఉన్నాయి. వృద్ధురాలు అడుగు వేసినప్పుడల్లా ఆ గోపురం వణికింది.

పరాయి దేశంలో తలుపు తట్టి పలకరించిన మొదటి మనిషి ఆవిడే. యువతి కృతజ్ఞతతో ఒక చెంచాడు నోట్లో వేసుకుంది. అది నాలుక మీద మంచులా కరిగిపోయింది.

"ఇంత కమ్మని తీపి నేనెన్నడూ తినలేదు" అన్నది.

ఆ మాటతో వృద్ధురాలి ముఖం వికసించింది. మరుసటి ఆదివారం మళ్ళీ పళ్ళెం వచ్చింది. ఆ తరువాతి ఆదివారం కూడా.

మూడవ వారంలో ఆ యువతికి ఈ తీపిని తానే చేయాలని ముచ్చట పుట్టింది. దుకాణంలో ప్యాకెట్టు తీసుకుని వెనుక భాగం చదివింది. పంచదార తరువాత 'జిలటిన్' అని ఉంది. సాయంత్రం భర్తను అడిగింది. ఆయన ఫోటో ఫిల్ము తయారుచేసే కర్మాగారంలో రసాయన ఇంజనీరు. ఆయన కాసేపు మాట్లాడలేదు.

"పశువుల ఎముకలూ తోళ్ళూ ఉడికించి తీస్తారు. నీకు తెలిస్తే బాధపడతావని చెప్పలేదు" అన్నాడు చివరకు.

పుట్టి బుద్ధెరిగి మాంసం ముట్టని ఇంటి పిల్ల ఆమె. ఆ రాత్రి తలారా స్నానం చేసి, పచ్చి మంచినీళ్ళయినా తాగకుండా పడుకుంది. తెలియక తిన్నదానికి దోషం లేదని ఆయన ఎంత చెప్పినా ఆమె మనసుకు ఎక్కలేదు. అయినా అసలు చిక్కు గతంలో లేదు, రాబోయే ఆదివారంలో ఉంది. ఆప్యాయంగా తెచ్చి ఇచ్చిన పళ్ళేన్ని ఏ ముఖంతో వద్దనడం?

వద్దనలేకపోయింది. నవ్వుతూ అందుకుని, తలుపు మూసి, పళ్ళెంలోని దాన్ని చెత్తసంచిలో పోసి, పళ్ళెం కడిగి తిరిగి ఇచ్చేది. "చాలా బాగుంది" అనేది. ఇలా ఐదు ఆదివారాలు గడిచాయి.

డిసెంబరు మొదట్లో ఒక ఉదయం, వాకిట్లో పెట్టిన చెత్తసంచిని రాత్రి ఏదో జంతువు చీల్చివేసింది. రెండు ఇళ్ళ మధ్య పరుచుకున్న తెల్లని మంచు మీద ఎర్రని జెల్లీ, అందులో యాపిల్ ముక్కలు చెల్లాచెదురుగా పడి ఉన్నాయి. యువతి కిటికీలోంచి చూసేసరికి వృద్ధురాలు అప్పటికే పారతో వాటిని ఎత్తుతున్నది. తల ఎత్తి ఈ ఇంటివైపు చూడలేదు. ఆ ఆదివారం తలుపు చప్పుడు కాలేదు. తరువాతి ఆదివారం కూడా.

* * *

ఆ తీపి ఆ వృద్ధురాలికి ఏమిటో తెలిస్తేగాని ఆమెకు తగిలిన గాయం ఎంతటిదో అర్థం కాదు.

ఒకప్పుడు అచ్చులో పోసిన జెల్లీ ధనవంతుల భోజనం బల్ల మీది వైభవం. దూడ కాళ్ళను గంటల తరబడి ఉడికించి, తేటపరచి, వడగట్టి, రాగి అచ్చుల్లో పోసి చల్లబరచాలి. దానికి వంటవాళ్ళు కావాలి, మంచుగడ్డ కావాలి. 1845లో పీటర్ కూపర్ అనే అమెరికన్ పారిశ్రామికవేత్త జిలటిన్ పొడికి పేటెంటు తీసుకున్నాడుగాని దాన్ని వ్యాపారంగా పెంచలేదు. 1897లో రోచెస్టర్‌కు దగ్గరలోనే ఉన్న లెరాయ్ అనే చిన్న ఊళ్ళో పెర్ల్ వెయిట్ అనే వడ్రంగి, ఇంట్లో దగ్గుమందులు తయారుచేసుకునే మనిషి, జిలటిన్‌లో పంచదార, పండ్ల రుచులు కలిపాడు. దానికి ఆయన భార్య 'జెల్-ఓ' అని పేరు పెట్టింది. అమ్ముకోవడం చేతకాక రెండేళ్ళకే, 1899లో, ఆ హక్కును 450 డాలర్లకు అదే ఊరి ఆరేటర్ వుడ్‌వర్డ్‌కు ఇచ్చివేశాడు. తరువాత అది అమెరికాలో ఇంటింటి మాట అయింది. రాజుల బల్ల మీది గోపురం కూలివాని ఇంటికి ఒక చిన్న పెట్టెలో వచ్చి చేరింది.

లెరాయ్‌లోని ఆ కర్మాగారం 1964లో మూతపడి, పని వేరే రాష్ట్రానికి తరలిపోయింది. పక్కింటి వృద్ధురాలు ఆ కర్మాగారంలో పెట్టెలు నింపిన స్త్రీలలో ఒకరు. ఆ కూలితోనే పిల్లల్ని పెంచింది. ఆమె తెచ్చిన పళ్ళెంలో ఉన్నది తీపి మాత్రమే కాదు, ఆమె బ్రతుకు.

ఈ సంగతి యువతికి అప్పటికి తెలియదు. తెలిసినదల్లా తాను ఒక ముసలి ప్రాణాన్ని నొప్పించానని. ఒక రాత్రి భర్త దగ్గర కన్నీళ్ళు పెట్టుకుంది. ఆయన దేవుడి మందిరంలో ఉన్న ఆమె తండ్రిగారి ఫోటోను చూపించాడు.

"నువ్వు రోజూ దండం పెట్టుకునే ఆ కాగితం మీద వెండి లవణాలను పట్టి ఉంచిన పొర ఏమిటనుకున్నావు? జిలటినే. నేను రోజూ చేసే పని అదే" అన్నాడు.

నిజమే. 1871లో మాడక్స్ అనే ఆంగ్ల వైద్యుడు జిలటిన్ పూసిన పొడి పలకలను ప్రతిపాదించిన తరువాతనే ఫోటోగ్రఫీ సామాన్యుల చేతికి రావడం మొదలైంది. జార్జ్ ఈస్ట్‌మన్ 1880లో ఆ పలకల తయారీ ప్రారంభించింది ఈ రోచెస్టర్‌లోనే. ఆమె ఆ ఫోటోను మందిరంలోంచి తీయలేదు. అలాగని జిలటిన్ తినడానికీ ఒప్పుకోలేదు. ఎవరి గీత వారు ఎక్కడో ఒకచోట గీసుకోక తప్పదు. అయితే తన గీత అంత తిన్ననిదేమీ కాదని తెలిసిన తరువాత, దాని గురించి మాట్లాడడానికి ఆమెకు ధైర్యం వచ్చింది.

గుంటూరులోని తల్లికి జరిగినదంతా ఉత్తరం రాసింది. సంక్రాంతి దాటిన తరువాత ఒక పార్సెలు వచ్చింది. అందులో తెల్లని, తేలికైన, ముడతలు పడిన పోగుల కట్టలు, నాలుగు వాక్యాల ఉత్తరం ఉన్నాయి. "తల్లీ, ఇది చైనా గ్రాస్. దీనితో ఆవిడ చేసినట్టే చేయవచ్చు. కాని ముందు నిజం చెప్పు. వంట తరువాత."

* * *

చైనా గ్రాస్ చైనాది కాదు, గడ్డీ కాదు. ఎర్రని సముద్రపు నాచు నుంచి తీసే అగర్ అనే పదార్థం అది. పోగులుగా ఎండబెట్టే పద్ధతి జపానుది. మన దేశంలో రామేశ్వరం పరిసరాల్లో మత్స్యకార స్త్రీలు మన్నారు సింధుశాఖలో మునిగి, రాళ్ళకు అంటిన ఆ నాచును చేతులతో కోసి తెస్తారు.

ఆ ఆదివారం ఈసారి తలుపు తట్టినది యువతి. పోగుల కట్టను చేతిలో పెట్టుకుని, గుమ్మంలోనే నిలబడి అంతా చెప్పింది. తిన్న సంగతి, తెలిసిన సంగతి, పారబోసిన సంగతి. వృద్ధురాలు చాలాసేపు ఊరుకుంది.

"ఎన్నో ఏళ్ళు ఆ పెట్టెలు నింపాను. అందులో ఏముందని ఎవరూ అడగలేదు. నేనూ ఆలోచించలేదు. నువ్వు మొదటిరోజే చెప్పి ఉంటే రెండు యాపిల్ పళ్ళు తెచ్చి ఇచ్చేదాన్ని కదా" అన్నది. తరువాత పోగులను వెలుతురుకు ఎత్తి చూసి, "ఇది గట్టిపడుతుందా?" అని అడిగింది.

మొదటిసారి గట్టిపడలేదు, పాడైంది. పోగులను అరగంట నానబెట్టి, అన్నీ కరిగేదాకా మరిగించారు. బాగానే ఉంది. కాని వృద్ధురాలు అలవాటు చొప్పున ఫ్రిజ్‌లోని చల్లని యాపిల్ రసాన్ని అందులో పోసింది. క్షణంలో గిన్నె నిండా దారాలు తేలాయి. జిలటిన్ గట్టిపడడానికి గంటల చల్లదనం కావాలి. అగర్ అయితే సుమారు 40 డిగ్రీల దగ్గర, గది వేడిలోనే గట్టిపడుతుంది. చల్లటి రసం తగిలితే అక్కడికక్కడే బిగుసుకుంటుంది.

రెండవసారి రసాన్ని గోరువెచ్చ చేసి కలిపారు. ఈసారి యాపిల్ ముక్కలన్నీ పైకి తేలాయి. యాపిల్ పండులో దాదాపు నాలుగో వంతు గాలే ఉంటుంది. పచ్చిముక్క ఇలాంటి ద్రవంలో తేలుతుంది.

మూడవసారికి ఇద్దరి విద్యలూ కలిసాయి. వృద్ధురాలు నేలమాళిగ నుంచి కోర్ట్‌లండ్ యాపిల్స్ తెచ్చింది. ఆ రాష్ట్రంలోనే, జెనీవా వ్యవసాయ పరిశోధన కేంద్రంలో 1898లో పుట్టించిన రకం అది. కోసిన తరువాత త్వరగా నల్లబడదు. ముక్కలను పలుచగా తరిగి, పంచదార పాకంలో రెండు నిమిషాలు ఉడకనిచ్చారు. లోపలి గాలి పోయి ముక్కలు బరువెక్కాయి. 10 గ్రాముల పోగులకు మొత్తం నాలుగు కప్పుల ద్రవం. నిమ్మరసాన్ని పొయ్యి మీద కాక దించిన తరువాత కలిపారు, పులుపుతో మరిగిస్తే అగర్ పట్టు సడలుతుంది గనుక. అచ్చులో ఒక పొర పోసి, దాని పైభాగం వేలికి అంటీ అంటనట్టు ఉన్నప్పుడే ముక్కలు పేర్చి, వెంటనే వెచ్చని రెండవ పొర పోశారు. అడుగు పొర పూర్తిగా చల్లారితే రెండు పొరలూ అతకవు, కోసినప్పుడు జారిపోతాయి.

అచ్చు విడదీసే వేళ వృద్ధురాలు దాన్ని వేడినీళ్ళలో ముంచింది. ఏమీ కాలేదు. నోటి వెచ్చదనానికే కరిగే జిలటిన్‌కు ఆ చిట్కా పనికివస్తుంది. అగర్ మళ్ళీ కరగాలంటే 85 డిగ్రీల వేడి కావాలి. యువతి అంచు వెంబడి మునివేలితో నొక్కి కాస్త గాలి చొరనిచ్చింది. గోపురం చప్పుడు లేకుండా పళ్ళెంలోకి దిగింది.

వృద్ధురాలు పళ్ళేన్ని అటూ ఇటూ ఊపింది.

"వణకడం లేదే! మీ దేశపు జెల్లీకి పౌరుషం ఎక్కువ" అని నవ్వింది. రెండు నెలల తరువాత ఆ ఇంట్లో వినిపించిన మొదటి నవ్వు అది.

* * *

ఈ రెండు పదార్థాల మధ్య ఇలాంటి పరిచయం అంతకు పూర్వం ఒకసారి జరిగింది. 1881లో జర్మనీలో వాల్టర్ హెస్సే అనే వైద్యుడు సూక్ష్మజీవులను జిలటిన్ మీద పెంచడానికి తంటాలు పడుతున్నాడు. వేసవి వేడికి అది కరిగిపోయేది. కొన్ని సూక్ష్మజీవులు దాన్నే తినివేసేవి. నీ జెల్లీలు ఎండలోనూ ఎలా నిలుస్తున్నాయని ఆయన భార్య ఫానీని అడిగాడు. అగర్ వాడతానని ఆమె చెప్పింది. న్యూయార్క్‌లో పుట్టిన ఆమెకు ఆ రహస్యం చిన్నతనంలో అక్కడే, జావాలో నివసించి వచ్చిన ఒక పొరుగింటి వారి ద్వారా తెలిసింది. హెస్సే ఆ మాటను రాబర్ట్ కాక్‌కు రాశాడు. క్షయ క్రిమిని గుర్తించిన తన 1882 నాటి పత్రంలో కాక్ అగర్‌ను ఒక్క మాటతో ప్రస్తావించాడు. ఫానీ పేరు అందులో లేదు. నేటికీ ప్రపంచపు ప్రయోగశాలల్లో సూక్ష్మజీవులు పెరుగుతున్నది ఆ వంటింటి పదార్థం మీదనే.

ఆ ఏడాది నవంబరులో, కృతజ్ఞతాదినపు విందులో, వృద్ధురాలి బల్ల మీద రెండు గోపురాలు నిలిచాయి. ఒకటి వణికేది, రెండవది వణకనిది. ఆ ఆచారం పన్నెండేళ్ళు సాగింది.

1991 వసంతంలో వృద్ధురాలు కన్నుమూసింది. అంత్యక్రియలు ముగిసిన వారానికి ఆమె కూతురు ఒక పొట్లం తెచ్చి ఇచ్చింది. వార్తాపత్రికలో చుట్టిన పాత అచ్చు, దానిలోపల మరకలు పడిన ఒక వంట కార్డు. యాపిల్స్ నాలుగు, పంచదార ఒక కప్పు, నిమ్మకాయ ఒకటి. ఆ కింద వృద్ధురాలి చేతిరాతలో 'జిలటిన్' అని ఉంది. దాన్ని ఆమె కొట్టివేయలేదు. పక్కనే, తరువాతెప్పుడో పెన్సిలుతో, అక్షరాలు తప్పుగానే ఐనా శ్రద్ధగా రాసి పెట్టుకుంది: "పక్కింటి అమ్మాయి వచ్చే రోజైతే చైనా గ్రాస్. రసం వెచ్చగా ఉండాలి. మరచిపోకు."