అంగారకునిపై ఒక ఊరు

ఇల్లు కట్టుకోవాలన్న కోరిక మానవునికి ఎంత ప్రాచీనమైనదో, ఇసుకలో బొమ్మరిల్లు కట్టి ఆడుకొనే ఆట కూడా అంత ప్రాచీనమైనదే. నేడు ఇసుక స్థానంలో కంప్యూటరు తెర వచ్చింది. పిల్లలు తమ బొమ్మరిళ్లను ఇతర గ్రహాలపై కడుతున్నారు.

కృష్ణానదికి చేరువలో, మామిడితోటలకు పేరుగాంచిన కొల్లాపూర్‌లో ఇంటర్మీడియట్ చదివే ఒక విద్యార్థి వేసవి సెలవుల్లో అటువంటి ఆటలో మునిగిపోయాడు. మొదట అతణ్ణి ఆకర్షించినది మెక్సికోలో రూపొంది, 2015లో పూర్తిరూపంలో విడుదలైన 'కెర్బల్ స్పేస్ ప్రోగ్రాం'. ఇందులో ఆటగాడు ఒక అంతరిక్ష కేంద్రాన్ని నడపాలి. రాకెట్టును దశలవారీగా కూర్చి, ఇంధనాన్ని లెక్కించి ప్రయోగించాలి.

నిట్టనిలువుగా పైకి పోతే చాలునని భావించిన ఆ విద్యార్థి రాకెట్లు ఒకదాని వెంట ఒకటి నేలకూలాయి. కక్ష్యలో నిలవడానికి ఎత్తు ఒక్కటే చాలదనీ, అడ్డంగా సాగే వేగం కావాలనీ, గ్రహం తిరిగే తూర్పుదిక్కుకు వంగితే ఆ భ్రమణవేగం కూడా తోడవుతుందనీ ఆ పరాజయాలే నేర్పాయి. శ్రీహరికోట తూర్పుతీరాన ఎందుకున్నదో అప్పుడతనికి బోధపడింది. 1979లో విఫలమైన ఎస్.ఎల్.వి-3 మరుసటి సంవత్సరమే ఎట్లా ఫలించిందో, 2019లో చంద్రయాన్-2 ల్యాండరు కూలినా 2023 ఆగస్టు 23న చంద్రయాన్-3 చంద్రునిపై ఎట్లా దిగగలిగిందో కూడా అర్థమైంది.

ఆ తరువాత అతడు బల్గేరియాలో తయారై 2018లో వెలువడిన 'సర్వైవింగ్ మార్స్'ను ఆరంభించాడు. అంగారకునిపై మానవ నివాసాన్ని నెలకొల్పడమే ఈ ఆట. యాత్రను నడిపే దేశాల్లో భారతదేశమూ ఉన్నది. అతడు దానినే ఎంచుకొన్నాడు. మొదటి రాకెట్టులో మనుషులు రారు. యంత్రాలు వచ్చి నీటిని, ప్రాణవాయువును, విద్యుత్తును సమకూర్చి, గాజు గుమ్మటం కింద ఇండ్లు కట్టాలి.

పక్కన మంచంపై కూర్చున్న తాత చాలాసేపు తెరను చూసి, "మనుషులెప్పుడొస్తరు బిడ్డా?" అని అడిగాడు.

"నీళ్లు, గాలి, ఇండ్లు అన్నీ తయారైనంకనే తాతా."

"మంచి పద్ధతే. మాకు ముందు నీళ్లొచ్చినయి. ఇండ్లు తర్వాత కట్టుకున్నం."

శ్రీశైలం జలాశయం కింద 1980వ దశకం ఆరంభంలో మహబూబ్‌నగర్, కర్నూలు జిల్లాల గ్రామాలు వందకు పైగా మునిగాయి. తాత ఊరు వాటిలో ఒకటి. కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాళ్లుగా విప్పి అలంపురంలో తిరిగి నిలిపారు. ఊళ్లను అట్లా విప్పి నిలపడం సాధ్యం కాలేదు.

ఆటలో వసతులు చాలక విసిగిన నివాసులకు భూమిపై బెంగ పుడుతుంది. వారు తరువాతి రాకెట్టులో వెనుదిరుగుతారు. మనుమడు ఈ సంగతి చెప్పగా తాత కొంతసేపు మౌనం వహించాడు.

"వెనుకకు పోనీకి వాళ్లకు ఊరున్నది గద" అన్నాడు.

"అక్కడనే పుట్టినోళ్లకు మాత్రం ఆ బెంగ ఉండదు తాతా."

"అది నిజమే. మీ నాయన ఈడనే పుట్టిండు. ఎండకాలం నీళ్లు తగ్గినప్పుడు నాతోని ఊరు చూడనీకి వస్తడు. ఆయనకు రాళ్లు కనపడ్తయి. నాకు ఇల్లు కనపడ్తది."

విద్యార్థి చేతివేళ్లు మీటలపై ఆగిపోయాయి. అంతవరకు నివాసులు అతనికి తెరమీది అంకెలు మాత్రమే. పదిమంది వెళ్లిపోతే మరో పదిమందిని రప్పించవచ్చుననుకొన్నాడు. ఇప్పుడు ఒక్కొక్కరినీ ఎంచి, వారి అసంతృప్తికి కారణమేమో చదవసాగాడు. ఒకరికి ఆహారం చాలడం లేదు. మరొకరికి తీరికవేళ పోవడానికి చోటు లేదు.

"తాతా, కొత్త ఊరికి వచ్చినప్పుడు మీకు ముందుగాల ఏం కావాల్సి వచ్చింది?"

"నలుగురు కూసుండనీకి ఒక చెట్టు."

ఆ రాత్రి గుమ్మటంలో ఇండ్ల నడుమ ఒక చిన్న ఉద్యానవనం వెలిసింది. ఆ గుమ్మటానికి నీట మునిగిన ఆ ఊరి పేరే పెట్టబడింది.

గ్రహాంతరాలకు పోవడానికి ఎంత ఇంధనం కావాలో శాస్త్రం లెక్కించగలదు. అక్కడ మనుషులు నిలవడానికేమి కావాలో మాత్రం, ఒకసారి ఊరు విడిచి మరొక ఊరు కట్టుకొన్నవారిని అడిగి తెలుసుకోవాలి.