నూరేళ్ల నాటి సమురాయ్ తడకొచ్చాడు

మా తడకు జపాన్ కొత్త కాదు. పక్కనే శ్రీసిటీలో జపాన్ కంపెనీ ఇసుజు బండ్లు తయారవుతాయి. మా వీధి కుర్రాళ్లు అక్కడికే షిఫ్టులకు వెళ్తారు. జపాన్ సినిమా అంటే మాత్రం నాకు దర్శకుడు కురొసావా పేరొక్కటే తెలుసు. మొన్న శనివారం రాత్రి 1925 నాటి మూకీ ‘ఒరోచి’ చూశాను. ఇంకా తేరుకోలేదు!

తీసింది బుంతారో ఫుతగావా, హీరో త్సుమసబురో బందో. కథలో హెయిజబురో చిన్న హోదా సమురాయ్. గురువుగారి కూతురంటే ప్రాణం. ఎక్కడ న్యాయం కోసం నిలబడినా నింద అతని మీదే పడుతుంది. గురువు వెళ్లగొడతాడు, ఊరు రౌడీ అంటుంది. పెద్దమనిషిగా చలామణి అయ్యేవాడేమో లోపల పాపాత్ముడు. సినిమాకు మొదట ‘పోకిరి’ అనే అర్థమొచ్చే పేరే పెట్టారట. సెన్సారు ఒప్పుకోకపోతే ‘మహాసర్పం’ అనే అర్థమున్న ‘ఒరోచి’ అయింది.

ఆ చివరి పోరాటం చూడాలి! బంట్లు గుంపులు గుంపులుగా చుట్టుముట్టి తాళ్లు విసురుతుంటారు. అతని జుట్టు విడిపోతుంది. రొప్పుతాడు, తూలుతాడు, మళ్లీ కత్తెత్తుతాడు. అప్పటిదాకా జపాన్ తెరమీద కత్తియుద్ధమంటే చాలావరకు కబుకి నాటకంలోలా నృత్యమే. ఇక్కడ మనిషి నిజంగా అలసిపోతున్నాడు. చివరికి కట్టి తీసుకుపోతుంటే ఊరంతా దుర్మార్గుడనే అనుకుంటుంది. అతను కాపాడిన ఆలుమగలు మాత్రం చేతులు జోడిస్తారు. నాకు కన్నీళ్లు ఆగలేదు.

మూకీ అన్నాను గానీ, జపాన్‌లో మూకీ మూగది కాదు. తెర పక్కన బెన్షీ అనే కథకుడు నిలబడి, పాత్రపాత్రకూ గొంతు మార్చి కథ నడిపేవాడు. బెన్షీ పేరు చూసి టికెట్టు కొనేవాళ్లుండేవారు. నేను చూసిన ప్రతిలోనూ ఆ గొంతుంది. ఒక్క జపనీస్ ముక్క రాకపోయినా, హరికథ విని పెరిగిన చెవికి ఆ ఎత్తుపల్లాలు ఇట్టే పట్టుబడ్డాయి.

1923 భూకంపం, ఆ తర్వాత రెండో ప్రపంచ యుద్ధం మూకీల కాలపు జపాన్ సినిమాల్లో చాలావాటిని బూడిద చేశాయి. ‘ఒరోచి’ మిగిలింది. రఘుపతి వెంకయ్యగారి కొడుకు ప్రకాశ్ 1921లో మద్రాసులో తీసిన మన మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’ మిగల్లేదు. అందుకే చెబుతున్నాను, మిగిలినదాన్ని వదులుకోకండి. ఒక్క రాత్రి కేటాయించండి. దీపాలార్పి, ఇంటిల్లిపాదీ కూర్చుని ‘ఒరోచి’ చూడండి.