పరీక్షలో రాయని జవాబు

విశ్వవిద్యాలయ ప్రవేశ పరీక్షకోసం పోర్చుగీసు వలసల చరిత్ర బట్టీపట్టిన రోజులు నాకింకా గుర్తే. 1498లో వాస్కో డ గామా కాలికట్టు చేరాడు. 1510లో అల్బుకర్క్ గోవాను పట్టుకున్నాడు. 1961లో గోవా విముక్తమైంది. నోట్సులో ఉన్నదంతే.

గ్రంథాలయంలో మరో పుస్తకం తిరగేస్తే వేరే సంగతులు కనిపించాయి. 1502లో అదే గామా, మక్కా యాత్రికుల ఓడను దోచి, ఆడవాళ్ళున్నారని కూడా చూడక, మనుషులతో సహా తగలబెట్టించాడు. 1951లో సలజార్ ప్రభుత్వం వలసలకు 'సముద్రం ఆవలి రాష్ట్రాలు' అని పేరు పెట్టింది. పేరైతే మారింది గాని, అంగోలా రైతుల మెడమీదనుంచి నిర్బంధ పత్తిసాగు 1961 దాకా దిగలేదు. 1959లో బిస్సావు రేవులో కూలి పెంచమని సమ్మె కట్టిన కార్మికులను తుపాకులతో కాల్చి చంపారు.

పరీక్షలో, సముద్రమార్గం కనుగొన్నందువల్ల కలిగిన లాభాలు రాయమన్నారు. ఎవరికి లాభాలు? కలం ఆగింది. కాని సీటు కావాలి. నోట్సులో ఉన్నట్టే రాశాను. సీటు వచ్చింది.

ఇప్పుడు నేనూ చరిత్ర పాఠం చెబుతున్నాను. 'కనుగొన్నారు' అన్న మాట రాగానే ఆగి, 'ఎవరు? ఎవరిని?' అని విద్యార్థుల్ని అడుగుతాను. ఆనాడు రాయని జవాబు వాళ్ళకు నేను పడ్డ బాకీ.